నవ్వుల విభాగంలో దగ్గు

ముక్కామల భుజంగరావు హాస్యరచయిత కావడానికి కారణం కరెంటు ఆఫీసు. బందరులో ఆ ఆఫీసులో గుమాస్తాగా చేరిన కొత్తలో, బిల్లు కట్టినా ఫ్యూజు పీకేశారని మొరపెట్టుకున్న ఒక ముసలాయనకు పైఅధికారి తరఫున జవాబు రాయాల్సి వచ్చింది. "తమ ఇంట చీకటి నిబంధనల ప్రకారమే ఏర్పడినదని తెలియజేయుటకు సంతోషిస్తున్నాము" అని రాశాడు. అది హాస్యమని అతనికి తెలియదు. ఆఫీసు భాషలో ఇంకోలా ఎలా రాస్తారో తెలియక అలా రాశాడు. ముసలాయన ఆ జవాబును ఒక వారపత్రికకు పంపితే వాళ్లు అచ్చేశారు. ఊరంతా నవ్వింది. ఆఫీసు మాత్రం నవ్వకుండా అతన్ని అవనిగడ్డకు బదిలీ చేసింది.

అవనిగడ్డలో భుజంగరావుకు కావలసినంత తీరిక దొరికింది. ఆ తీరికలో పత్రికలకు కథలు, రేడియోకు నాటికలు రాశాడు. ఆఫీసులో జరిగింది జరిగినట్టు రాసి పంపితే "ఎంత అతిశయోక్తి రాస్తాడండీ!" అని పాఠకులు మెచ్చుకునేవారు. నలభై దాటేసరికి రెండు శాలువాలూ, ఒక నెమలిబొమ్మా, బోలెడంత పేరూ వచ్చాయి. అప్పుడు హైదరాబాదు దృశ్యవాణి కేంద్రం నుంచి కబురొచ్చింది. టీవీకి వారానికో హాస్యనాటిక రాయాలి. ముందు ఒక ఏడాది, నచ్చితే ఇంకో ఏడాది. భుజంగరావు ఉద్యోగానికి రాజీనామా పడేసి సామాను సర్దమన్నాడు.

"జనాన్ని నవ్వించి బతుకుతానంటారు, బానే ఉంది. వాళ్లకి నవ్వు రాకపోతేనో?" అంది భార్య హైమావతి, పచ్చడి జాడీకి గుడ్డ కడుతూ.

"రాకపోతే మళ్లీ కరెంటాఫీసుకే పోదాం."

"ఎలా రానిస్తారండీ? మీరు రాజీనామా ఇచ్చిన రోజున వాళ్లు మైసూరుపాకు పంచుకున్నారట."

హైదరాబాదు వచ్చి భుజంగరావు రాసిన నాటిక పేరు 'వీధి కుళాయి'. ఒక సందు, ఆ సందుకు ఒకే కుళాయి, దానికి ఎప్పుడొస్తాయో తెలియని నీళ్లు, వాటికోసం కాచుక్కూచున్న జనం, అంతే కథ. మొదటి మూడు నెలలూ రాష్ట్రమంతా ఆదివారం సాయంత్రం పనులు మానుకుని చూసింది. నాటికలో మాటకూ మాటకూ మధ్య వినిపించే నవ్వు మాత్రం టేపులోది. ఎక్కడో ఇంగ్లండులో, ఎప్పుడో, ఎవరో, దేనికో నవ్వితే పట్టి ఉంచిన నవ్వు అది. పాపం, ఆ నవ్వినవాళ్లలో సగంమంది ఈపాటికి కాలం చేసి ఉంటారు.

ఆ సంగతి ఎలాగో ఒక ప్రజాప్రతినిధి చెవిన పడింది. ఆయన సభలో లేచి, "మన కుళాయి, మన బిందె, మన కొట్లాట! నవ్వేది మాత్రం తెల్లవాళ్లా? స్వాతంత్ర్యం వచ్చాక కూడా వాళ్లు మనల్ని చూసి నవ్వడమేమిటి?" అని బల్ల గుద్దాడు. అన్ని పక్షాలవాళ్లూ బల్లలు గుద్దారు. ఏ విషయం మీదా కలవని వాళ్లు ఈ ఒక్కదాని మీద కలిశారు.

మర్నాడే కేంద్ర సంచాలకులు డాక్టర్ విరూపాక్షం గారు సమావేశం పెట్టారు. ఆయన నవ్వగా చూసినవాళ్లు కేంద్రంలో ఎవరూ లేరు. పెళ్లిఫోటోలో కూడా ఆయన సంతకం పెట్టబోయే మనిషిలాగే ఉంటారని చెప్పుకునేవారు.

"హాస్యము ప్రజల హక్కు. నవ్వు కేంద్రము యొక్క బాధ్యత. ఈ రెండింటి మధ్య సమన్వయము కొరవడినట్లు పైనుంచి అభిప్రాయపడుతున్నారు. కావున స్వదేశీ నవ్వు పథకమును తక్షణము అమలుపరచుచున్నాము" అన్నారు విరూపాక్షం గారు.

"దానికి పథకం ఎందుకండీ?" అన్నాడు భుజంగరావు. "రికార్డింగ్ రోజున చుట్టుపక్కల నలుగుర్నీ పిలిచి కూచోబెడితే వాళ్లే నవ్వుతారు కదా?"

విరూపాక్షం గారు అతనివైపు జాలిగా చూశారు. "ఎవరు పడితే వారు నవ్వినచో, రేపు ఆ నవ్వుకు జవాబుదారీ ఎవరు?"

 అలా నవ్వుల విభాగం పుట్టింది. దానికి అధికారిగా పరాంకుశం గారిని వేశారు. అంతకుముందు ఆయన రైతుల కార్యక్రమంలో ఎరువులు చూసేవారు. మనిషి మంచివాడు. ఏది చెప్పినా కాగితం మీద పెట్టేదాకా ఆయనకు ఊపిరాడదు.

నవ్వేవాళ్ల కోసం పేపర్లో ప్రకటన వేస్తే జనం ఎగబడ్డారు. మూడేళ్లు నవ్విన అనుభవం ఉండాలన్నారు. ఆ అనుభవాన్ని గెజిటెడ్ అధికారి ధ్రువీకరించాలన్నారు. దాంతో పట్నంలో గెజిటెడ్ అధికారుల ఇళ్ల ముందు పొద్దున్నే జనం చేరి నవ్వడం మొదలుపెట్టారు. ఇంటర్వ్యూలో భూటాన్ రాజధాని అడిగారు, నత్రజని ఉపయోగాలు అడిగారు, చివర్లో వీలు చిక్కిన కొద్దిమందిని నవ్వమన్నారు.

ఆ కొద్దిమందిలో అండాలు ఒకామె. భోలక్‌పూర్ నుంచి వచ్చింది. బడిలో ఆయాగా చేసేది.

"నవ్వండి" అన్నారు పరాంకుశం గారు, కలం పట్టుకుని.

"ఊకెనే నవ్వుమంటె నవ్వెట్లొస్తది సారూ? ముందుగాల ఏదన్న నవ్వొచ్చే ముచ్చట చెప్పుండ్రి."

బోర్డు సభ్యులు ఒకరి మొహం ఒకరు చూసుకున్నారు. ఆ రోజంతా వాళ్లను అలా ఎదురడిగినవాళ్లు లేరు. పరాంకుశం గారు ఆలోచించి ఆలోచించి, భాస్వరం ఎరువు వేయాల్సిన పద్ధతి చెప్పారు. అండాలు మర్యాదకు చిన్నగా చిరునవ్వు నవ్వింది. దాంతో ఆమెను చిరునవ్వు గ్రేడులో వేశారు.

గ్రేడులంటే నాలుగు. అట్టడుగున చిరునవ్వు, దానిపైన ముసిముసి, ఆపైన పకపక, అందరికంటే పైన విరగబడి. దేని జీతం దానిదే. చిరునవ్వులో ఐదేళ్లు తృప్తికరంగా పనిచేసి, శాఖాపరమైన పరీక్ష ప్యాసైతే ముసిముసికి ప్రమోషన్. ఇంత పకడ్బందీగా అన్నీ ఏర్పాటు చేశాక ఒక చిన్న చిక్కు బయటపడింది. చిరునవ్వుకు శబ్దం ఉండదు. అండాలు, ఆమె గ్రేడువాళ్లు మైకు ముందు కూచుని నిష్ఠగా చిరునవ్వు నవ్వేవారు, టేపు మీద ఏమీ పడేది కాదు. ఆడిట్‌వాళ్లు వచ్చి, జీతాలు కనిపిస్తున్నాయి గానీ పని వినిపించడం లేదని అభ్యంతరం రాశారు. పరాంకుశం గారు చిరునవ్వు గ్రేడుకు అదనంగా ఒక మైకు మంజూరు చేసి ఆ ఫైలు మూసేశారు.

ఇక భుజంగరావు పాట్లు చూడాలి. స్క్రిప్టులో ప్రతి హాస్యం పక్కనా ఏ గ్రేడు నవ్వు కావాలో రాసి, పదిరోజుల ముందు నవ్వుల విభాగానికి పంపాలి. అక్కడ దాన్ని పరిశీలించి మంజూరు చేస్తారు. "ఈ మాటకు పకపక ఎక్కువ, ముసిముసితో సరిపెట్టవలెను" అని తిప్పి పంపుతారు. జీతం తీసుకుంటున్న వాళ్లు ఖాళీగా కూచోకూడదు గనుక ప్రతి గ్రేడుకూ వారం వారం చాలినంత పని చూపించాలి. మొదటి నవ్వు సీనియర్లకే ఇవ్వాలి. స్టూడియో గోడకు ఎర్రబల్బు బిగించారు. అది వెలిగితే నవ్వాలి, ఆరితే ఆపాలి.

ఒకరోజు ఆ బల్బు లైనుకు కరెంటు పోయింది. మిగతావన్నీ నడిచాయి. నాటిక మొత్తంలో ఒక్కరూ నవ్వలేదు. ఆ వారం నాటికను ఎవరో పొరపాటున విషాద నాటికల పోటీకి పంపితే ప్రోత్సాహక బహుమతి వచ్చింది.

నవ్వేవాళ్లకు యూనియన్ కూడా వచ్చింది. నాయకుడు బాలకోటయ్య విరగబడి గ్రేడులో అందరికంటే సీనియరు. నరసరావుపేట మనిషి.

"చూడండి రైటరు గారూ" అన్నాడు ఒకరోజు భుజంగరావును కారిడార్లో ఆపి. "మీరు మాటకి మాట తగిలించి హాస్యం రాసుకుంటా పోతారు. మీకేం, కలమే కదా. ఇక్కడ మావోళ్ల డొక్కలు పోతున్నాయి. నవ్వుకీ నవ్వుకీ మధ్య రెండు నిమిషాలు రెస్టు ఉండాలిసిందే."

"రెండు నిమిషాలు నాటికలో ఏం జరగాలి మరి?"

"ఏడుపు పెట్టండి. ఏడుపుకి మా వాళ్లతో పని లేదు గందా!"

ఆ డిమాండు నెగ్గింది. దాంతో భుజంగరావు 'వీధి కుళాయి'లోకి మంగతాయి పిన్ని అనే విధవరాలిని తీసుకొచ్చాడు. విశ్రాంతి సమయం వచ్చినప్పుడల్లా ఆవిడ కుళాయి గట్టు మీద కూచుని పోయిన భర్తను తలుచుకుని ఏడవాలి. ఆ భాగాన్ని ఆఫీసు కాగితాల్లో 'శోకఖండం' అనేవారు. అందులో హాస్యం రాయడం నిషేధం.

ఇలా ఏడాది గడవడానికి వచ్చింది. రెండో ఏడు ఇవ్వాలా వద్దా అనేది పైవాళ్లు ఆ నెల్లోనే తేల్చాలి. కానీ భుజంగరావును తొలిచేస్తున్నది వేరే. తన రాత నిజంగా నవ్విస్తోందా లేదా అన్నది అతనికి తెలియకుండా పోయింది. బల్బు వెలిగితే నవ్వుతున్నారు, ఆరితే మానేస్తున్నారు. అనుమానం తీర్చుకోవడానికి ఒకసారి "ఈరోజు మంగళవారం" అని రాసి, పక్కన విరగబడి అని పెట్టాడు. మంజూరై వచ్చింది. రికార్డింగ్‌లో ఆ మాటకు బాలకోటయ్య కుర్చీలోంచి కిందపడి మరీ నవ్వాడు. భుజంగరావుకు ఆ రోజు అన్నం సయించలేదు. ఇన్నేళ్లు నవ్వులు రాసుకుంటూ బతికిన మనిషికి, తాను మంగళవారంతో సమానమని తెలిస్తే ఎలా ఉంటుంది?

ఆ ఉక్రోషంలోనే అతను ఒక పని చేశాడు. తర్వాతి వారం శోకఖండంలో మంగతాయి పిన్ని చేత ఒక మాట అనిపించాడు. "ఆయన పోయిన రోజునే కుళాయిలో నీళ్లొచ్చాయమ్మా. ఎటు చూడాలో తోచక ముందు బిందె పెట్టి, తర్వాత ఏడిచాను." దాని పక్కన ఏ గ్రేడూ రాయలేదు. నవ్వుల విభాగం దాన్ని శోకమనే అనుకుని ముద్ర వేసి పంపింది.

రికార్డింగ్ మొదలైంది. బల్బు ఆరి ఉంది. నవ్వేవాళ్లు మంచినీళ్లు తాగుతూ విశ్రాంతి తీసుకుంటున్నారు. పిన్ని వేషం వేసినావిడ పమిటచెంగు కళ్లకద్దుకుని ఆ మాట అంది.

చిరునవ్వు గ్రేడు వరసలోంచి ముందు ఒక కిచకిచ వినిపించింది. అండాలు కొంగు నోట్లో కుక్కుకుంది. నవ్వు ఆగలేదు. పకపకమంది, ఆ పకపక పెరిగి విరగబడి అయింది, ముందు వరస కుర్చీ పట్టుకుని వంగిపోయి కళ్లనీళ్లు పెట్టుకుని నవ్వింది. ఆమె ముందున్న అదనపు మైకు మొదటిసారి పనిచేసింది. మిగతావాళ్లంతా కంగారుగా బల్బు వైపు చూశారు. బల్బు ఆరే ఉంది.

భుజంగరావు అద్దం వెనక గదిలో నిలబడి విన్నాడు. ఏడాదిలో అతను విన్న మొదటి నవ్వు అది. ఎగిరి గంతెయ్యాలనిపించింది గానీ, పక్కనే పరాంకుశం గారు టైము చూసి రాసుకుంటున్నారు.

సాయంత్రానికల్లా అండాలుకు ఛార్జిషీటు అందింది. బల్బు వెలగనిదే నవ్వుట ఒక నేరం. శోకఖండంలో నవ్వుట రెండో నేరం. అన్నిటికంటే ఘోరం మూడోది. చిరునవ్వు గ్రేడు ఉద్యోగి, ప్రమోషన్ లేకుండా, శాఖాపరమైన పరీక్ష రాయకుండా, రెండు గ్రేడులు దాటి విరగబడి నవ్వడం. "ఉన్నత స్థాయి నవ్వు నవ్వి తద్వారా ఉన్నత స్థాయి వేతనమునకు దారి వేసుకొనవలెనను దురుద్దేశముతో" అని రాశారు. విచారణలో రుజువైతే ఉద్యోగం పోతుంది.

విచారణకు ముందు భుజంగరావు ఆమెను క్యాంటీన్లో కలిశాడు. ఆమెకు ఛార్జిషీటు దిగులు ఉంది గానీ, అంతకంటే పెద్ద అనుమానం ఇంకేదో పట్టుకుంది.

"ఒక్క మాట అడుగుత, నిజం చెప్పుండ్రి సారూ. మా ఇంట్ల ముచ్చట మీకెవ్వలు చెప్పిండ్రు?"

"ఏ ముచ్చటమ్మా?"

"గదే, బిందె ముచ్చట. నేను ఎవ్వలికి చెప్పలె. మా అత్త గిట్ట చెప్పిందా అంటె, ఆమె పోయి మూడేండ్లాయె."

 ఎవరూ చెప్పలేదని, తానే అల్లానని భుజంగరావు చెబితే ఆమె నమ్మలేదు. టీ గ్లాసు పక్కనపెట్టి మళ్లీ నోటికి కొంగు అడ్డం పెట్టుకుంది. ఆమెను పోనివ్వకూడదని అతను అక్కడే నిశ్చయించుకున్నాడు. కానీ చిక్కంతా అతని వాంగ్మూలంలోనే ఉంది. ఆ మాట శోకమే అంటే, శోకానికి నవ్వినందుకు అండాలు ఉద్యోగం పోతుంది. హాస్యమంటే, మంజూరు లేని హాస్యాన్ని శోకఖండంలో దొంగచాటుగా దూర్చినందుకు అతని రెండో ఏడు పోతుంది.

ఇంట్లో హైమావతికి చెప్పాడు. ఆవిడ బియ్యం ఏరుతూ విన్నది.

"నిజంగా నవ్విందా ఆవిడ?" అంది.

"కుర్చీ పట్టుకుని మరీ నవ్వింది."

"అయితే ఇంకేం ఆలోచిస్తారు? ఒక్కళ్లు నవ్వితే ఆ ఒక్కళ్ల పొట్ట కొడతారా? వెళ్లి ఉన్నమాట చెప్పి రండి. తర్వాత సంగతి తర్వాత చూసుకుందాం."

విచారణ సంచాలకుల గదిలో జరిగింది. విరూపాక్షం గారు మధ్యలో కూచున్నారు. పరాంకుశం గారు ప్రతి మాటా రాస్తున్నారు. యూనియన్ తరఫున బాలకోటయ్య వచ్చాడు. అండాలు తలుపు దగ్గర నిలబడింది.

"వివాదాస్పద వాక్యమును చదవండి" అన్నారు విరూపాక్షం గారు.

పరాంకుశం గారు గొంతు సవరించుకున్నారు. "సదరు మృతుని భార్య, సదరు దినమున కుళాయి యందు నీరు ప్రాప్తించినందున, ఎటు చూడవలెనో తోచక, తొలుత బిందెను అమర్చి, తదుపరి రోదించినట్లు తెలియవచ్చుచున్నది."

విరూపాక్షం గారు రచయిత వైపు తిరిగారు.

"భుజంగరావు గారూ, ఇది శోకమా, హాస్యమా?"

"హాస్యమేనండి" అన్నాడు భుజంగరావు. "నేనే కావాలని పెట్టాను. ఆవిడ తప్పేం లేదు. నవ్వొచ్చే మాట రాశాను, ఆవిడకి నవ్వొచ్చింది."

తన నోటితో తనే రెండో ఏడు పోగొట్టుకున్నాడు. అయినా ఆ మాట అన్నాక గుండె తేలికపడింది.

విరూపాక్షం గారు ఒప్పుకోలేదు. "హాస్యమని రచయిత అన్నంత మాత్రాన సరిపోదు. ఇప్పుడే ఈ గదిలో ఆ వాక్యము చదవబడినది. ఎవ్వరూ నవ్వలేదు. నవ్వు రాని వాక్యము హాస్యమెట్లగును? అమ్మా, నీకు నవ్వెందుకు వచ్చినదో నువ్వే వివరించు."

అండాలు కొంగు నడుముకు దోపుకుంది.

"మా పెనిమిటి పొద్దుగాల పాణమిడిసిండు సారూ. నాలుగొద్దుల సంది మా గల్లీల నల్లా బందు. వాడకట్టోళ్లంత అచ్చి కూసున్నరు, ఒక్కటే ఏడుపు. గంతల ఎవ్వలో బయటకెల్లి ఒర్లిండ్రు, నల్లా అచ్చిందని. ఇగ సూడుండ్రి, ఏడ్సేటోళ్లు ఒక్కొక్కలే లేస్తున్నరు, కండ్లు తుడుసుకుంట, నా మొకం సూడకుంట. ఇల్లంత ఖాళీ అయింది. నేను, మా అత్త, ఆయన. నేనెట్ల లేస్త? పీనుగ కాడ ఉండాలె గద. మా అత్త అటుఇటు సూసి, నా చెవుల చెప్పింది."

"ఏమని?" అన్నారు విరూపాక్షం గారు, తెలియకుండానే ముందుకు వంగి.

"'లెవ్వే పిల్లా, వాడు యాడికి వోడు, నీళ్లు వోతయి' అన్నది సారూ."

విరూపాక్షం గారి గొంతులో ఏదో అడ్డం పడ్డట్టయింది. ఆయన బల్ల అంచు పట్టుకున్నారు. మొహం ఎర్రబడింది. ఒక ఎక్కిళ్లలాంటి చప్పుడు వచ్చింది, ఆ వెనక ఇంకొకటి, ఆపైన ఇరవై ఏళ్ల సర్వీసులో కూడబెట్టిందంతా ఒక్కసారి బయటపడింది. కళ్లజోడు ఫైలు మీద పడింది. "నీళ్లు పోతయి" అంటూ బల్ల మీద వాలిపోయి, భుజాలు ఎగిరెగిరిపడేలా నవ్వారు. భుజంగరావు నవ్వాడు. అండాలు సరేసరి. బాలకోటయ్య మాత్రం గోడల మీద బల్బు కోసం వెతికి, అది లేకపోయేసరికి మీసాలు కొరుక్కుంటూ నిలబడ్డాడు.

నవ్వు సద్దుమణిగాక పరాంకుశం గారు చిన్నగా దగ్గరికి వంగారు. "సార్, మినిట్సులో ఏమని రాయమంటారు? సంచాలకుల పదవికి నవ్వు మంజూరై లేదండి. ఏ గ్రేడూ లేదు."

"అంతేకాదండోయ్" అన్నాడు బాలకోటయ్య. "అయ్యగారు నవ్వింది అచ్చంగా విరగబడి. అది నా పని. మా పనిని ఆఫీసర్లు లాక్కుంటే యూనియన్ చూస్తా ఊరుకోదు. అండాలమ్మకి ఛార్జిషీటు ఇచ్చినప్పుడు తమరికీ ఇవ్వాలి గందా!"

విరూపాక్షం గారు కళ్లు తుడుచుకుని కళ్లజోడు పెట్టుకున్నారు. పాత మొహం తెచ్చుకోవడానికి కొంచెం సమయం పట్టింది.

"దగ్గు అని రాయండి" అన్నారు.

"మరి అండాలు గారిది, సార్?"

"అదియును దగ్గే."

"రచయిత గారు హాస్యమని వాంగ్మూలం ఇచ్చారు."

"హాస్యమునకు ఎవరైనా దగ్గుదురా? కాబట్టి అది హాస్యము కాదు. కొట్టివేయండి."

అలా అందరి ఉద్యోగాలూ నిలబడ్డాయి, అండాలుకు రెండు రోజులు వైద్య సెలవు కూడా ఇచ్చారు. అసలు గమ్మత్తు అక్కడ మొదలైంది. నవ్వుకు నిబంధనలున్నాయి గానీ దగ్గుకు లేవు. దగ్గుకు బల్బు అక్కర్లేదు, గ్రేడు అక్కర్లేదు, పైగా దగ్గినవాణ్ణి దండించే అధికారం ఎవరికీ లేదు. ఈ సంగతి నవ్వుల విభాగమంతా ఒక్కరోజులో పాకిపోయింది.

మరుసటి వారం నుంచి బల్బు వెలిగినప్పుడు మామూలు జీతపు నవ్వు నవ్వేవారు. బల్బు ఆరాక, భుజంగరావు శోకఖండంలో దాచిపెట్టిన మాటలు వచ్చినప్పుడు పొట్టలు పట్టుకుని దగ్గేవారు. బాగాలేని మాటకు ఎవరూ దగ్గేవారు కాదు. భుజంగరావు అద్దం వెనక నిలబడి ఒక్కో దగ్గూ విని, ఇంటికెళ్లి ఆ మాటల్ని సానబెట్టుకునేవాడు. అవనిగడ్డ రోజుల్లో రాసినంత హుషారుగా రాశాడు. మంగతాయి పిన్ని ఏడుపు కోసం జనం ఎదురుచూడడం మొదలుపెట్టారు. ముసిముసి గ్రేడు దగ్గింది, పకపక గ్రేడు దగ్గింది, చివరికి బాలకోటయ్య కూడా ఒకరోజు దగ్గి, "ఇది ఓవర్‌టైం కిందికొస్తదా?" అని అడిగి, రాదని తెలిసినా మళ్లీ దగ్గాడు. పరాంకుశం గారు అన్నీ దగ్గులుగానే రాసి వారం వారం పైకి పంపారు.

పైవాళ్లు ఆ కాగితాలు చదివి హడలిపోయారు. ఒక విభాగం విభాగమే దగ్గుతోంది, దగ్గినవాళ్లలో స్వయంగా సంచాలకులూ ఉన్నారు! రెండో ఏడు మాట పక్కనపెట్టి ముందు వైద్యుణ్ణి పంపారు. ఛాతీ రోగాల్లో పేరున్న పెద్ద డాక్టరు. ఆయన అందరి రొమ్ములూ తట్టి చూసి, ఎక్స్‌రేలు తీయించి, ఏమీ కనబడక అండాలును పిలిచాడు.

"నీకు ఈ దగ్గు ఎప్పటినుంచమ్మా?"

అండాలు భుజంగరావు వైపు వేలు చూపించింది. "గా సారు శోకం రాసుడు మొదలువెట్టినప్పట్నుంచి."

డాక్టరు సాయంత్రం రికార్డింగ్‌లో కూచుని స్వయంగా పరిశీలించాడు. మధ్యలో ఆయన్ను ఇద్దరు పట్టుకుని బయటకు తీసుకెళ్లాల్సి వచ్చింది.

ఆయన నివేదిక వచ్చిన రోజున విరూపాక్షం గారు భుజంగరావును గదికి పిలిపించారు. పరాంకుశం గారు పక్కనే నిలబడ్డారు. సంచాలకులు కాగితం తీసి, నిలబడి, అధికారికంగా చదవడం మొదలుపెట్టారు.

"సదరు వ్యాధి గాలి వలన గాని, నీటి వలన గాని సోకుట లేదు. ముక్కామల భుజంగరావు అను వ్యక్తి వ్రాసిన మాట చెవిన పడినంతనే సంక్రమించుచున్నది. వయో లింగ గ్రేడు భేదము లేదు. పరీక్షకు వెళ్లిన వైద్యునికి సైతము సంక్రమించినది. మూడు రోజులైనను పూర్తిగా తగ్గలేదు. మందు లేదు. సదరు వ్యక్తిని రేపటి నుంచి ఈ కేంద్రమునకు దూరముగా ఉంచవలెను. ముఖ్యముగా పిన్ని ఏడ్చునప్పుడు..."

అక్కడ ఆయన ఆగారు. మళ్లీ "పిన్ని ఏడ్చునప్పుడు" అన్నారు. బల్ల అంచు పట్టుకున్నారు. భుజాలు ఎగిరిపడ్డాయి.  పరాంకుశం గారు అలవాటుగా కలం తీసి "దగ్గు" అని రాయబోయి, తనకే దగ్గొచ్చి గోడవైపు తిరిగిపోయారు.

భుజంగరావు చేతులు కట్టుకుని, ఆ ఇద్దరి దగ్గూ తగ్గేదాకా నిలబడి విన్నాడు. తొందరేమీ లేదు. రేపట్నుంచి అతనికి పని లేదు.